సీలు తెంపే చెయ్యి

"వలన్నా, ఎడమకు కొట్టు! ఎడమకు!"

బాబావలి స్టీరింగ్ విసురుగా తిప్పుతాడు.

కీచు...మంటూ పికప్ పక్కకి కోసుకుపోతుంది. గాలికి దొర్లుకుంటూ వచ్చిన ప్లాస్టిక్ డ్రమ్ము ఒకటి అద్దాన్ని రాసుకుంటూ పోయి దుమ్ములో కలిసిపోతుంది.

చావు తప్పింది!

సాయంత్రం అసర్ నమాజు అయి ఎంతో సేపు కాలేదు. అయినా రోడ్డు మీద పగలే చీకటి. సౌదీలో జుబైల్ నుంచి రాస్ తనూరా వెళ్ళే దారంతా ఎర్రదుమ్ము కమ్మేసింది. లైట్లు వేసుకున్నా బానెట్ అవతల ఏముందో తెలియడం లేదు.

"ట్రైలా యాడుంది? కనవడ్తలేదన్నా!" నర్సింలు అద్దానికి మొహం ఆనిస్తాడు.

"ఉండాది లేప్పా. ఆడ చూడు... ఎర్ర లైట్లు."

ఉన్నాయి. రెండు ఎర్ర చుక్కలు. దూరంగా... దుమ్ములో మిణుకుమంటూ.

ఆ ట్రైలా మీద, అంటే పొడవాటి ట్రైలర్ లారీ మీద, టార్పాలిన్ కింద, ఒక ఇనప పెట్టె ఉంది. పెట్టెలో ఒక వాల్వు. ఆ వాల్వుకి ఒక ఎర్ర తాళం. తాళానికి వేలాడే ట్యాగు మీద నర్సింలు బావ రాజేశం ఫోటో.

బావ ఇప్పుడు జైల్లో ఉన్నాడు.

ఆ పెట్టె పోతే ఇక బయటికి రాడు!

జరిగింది చిన్న కథే. షట్‌డౌన్ పనిలో, అంటే ప్లాంటు ఆపి చేసే రిపేర్లలో, లక్ష్మణ్ అనే ఫిట్టరు ట్యాంకులోకి దిగాడు. వాడు దిగే ముందు నైట్రోజన్ వాల్వు కట్టేసి, తన తాళం వేయాల్సిన పని రాజేశానిది. లక్ష్మణ్ దిగాడు. గ్యాస్ వచ్చింది. లక్ష్మణ్ మళ్ళీ పైకి రాలేదు.

రాజేశం వాల్వు కట్టలేదు అంది కంపెనీ.

కట్టిన, తాళమేసిన, ఆ వాల్వే లీకున్నది, మేనేజర్ కుమార్ సారుకి ముందే చెప్పిన అన్నాడు రాజేశం.

ఎవరి మాట నిజం? కోర్టు ఆ వాల్వుని తాళంతో సహా కోయించి, పెట్టెలో పెట్టించి, సీలు వేయించింది. రేపు పొద్దున కోర్టు పంపే ఇంజనీరు వచ్చి, సీలు తీసి, గ్యాస్ పెట్టి చూస్తాడు. తాళం వేసి ఉండగానే గ్యాస్ దూరిపోతే, రాజేశం ఇంటికి. కుమార్ జైలుకి.

అప్పటిదాకా ఆ పెట్టెని ఎవరూ ముట్టొద్దు, కదపొద్దు, తెరవొద్దు. జడ్జి ఆర్డరు అది. తప్పినవాడు ఎవడైనా సరే, లోపలికే. సీలు తెగిన పెట్టె ఇక సాక్ష్యానికి పనికిరాదు. కుమార్‌కి జడ్జి విడిగా ఇంకో మాట కూడా చెప్పాడు. అంతకుముందు కెమెరా రికార్డింగు ఇమ్మంటే కుమార్ కుంటిసాకులు చెప్పాడు మరి. "నా ఆర్డరు ఇంకొక్కసారి తప్పావా, ఆ రోజు నువ్వు ఇంటికెళ్ళవు!"

అయినా పెట్టె కదిలింది!

యార్డులో దానికి కాపలా పెట్టింది గులాం మొహిద్దీన్‌ని. హైదరాబాదు మనిషి. కోర్టే అతన్ని హారిస్‌గా, అంటే తన తరఫు కాపలాదారుగా, సంతకం పెట్టించి మరీ నియమించింది. అతను నమాజుకి వెళ్ళి వచ్చేసరికి పెట్టె మాయం! వెంటనే బాబావలికి ఫోన్ చేశాడు. బాబావలి క్యాంపుకి వచ్చి నర్సింలుని బండెక్కించుకున్నాడు.

అంతవరకు నర్సింలుకి తెలుసు.

కానీ ఏదో తేడా కొడుతోంది.

"వలన్నా..."

"ఏమప్పా?"

"మనం స్లో అయితే ఆ ట్రైలా గూడ స్లో అయితున్నది. సూసినవా?"

"దుమ్ములో యెవురైనా నిదానంగానే పోతారు గదప్పా."

నిజమే కావచ్చు.

అంతలో ముందు ట్రైలా కుడివైపు మలుపు తిరిగింది. తిరిగేముందు... టిక్ టిక్ మంటూ ఇండికేటర్ వేసింది!

నర్సింలు కళ్ళు చిట్లించి చూస్తాడు.

పారిపోయేవాడు ఇండికేటర్ వేస్తాడా?

"అన్నా, వాడు ఉరుకుతలేడు. మనల్ని పిలుస్తుండు!"

బాబావలి చెవిలో ఇయర్‌ఫోన్ సర్దుకుంటాడు. ఫోన్ మోగినట్టుంది. "హా భాయ్... హా... హా..." అంటాడు. అంతే. పెట్టేస్తాడు.

"గులాం భాయేనా? ఏమంటుండు?"

"వదలద్దంటాండాడు. కుమార్ సారు లోపల వాల్వు మార్చేసినాడని అనుమానమంట. మీ బావ తాళం ఉండాదో లేదో తెరిచి చూడమంటాండాడు."

"తెరిచి సూడాల్నా? కోర్టు సీలు కదన్నా!"

"హారిస్ ఆయనే గదప్పా. కోర్టు మనిషి ఆయనే తెరవమంటే మనకేం భయం?"

ఆ మాట వినడానికి బాగానే ఉంది. అక్కడే నర్సింలుకి అనుమానం తగిలింది.

గులాం మొహిద్దీన్... యార్డు గేటు తాళం అతని దగ్గర. కాపలా అతనిది. సరిగ్గా అతను లేని టైములోనే పెట్టె పోయింది. క్రేను తెచ్చి, పెట్టె లేపి, ట్రైలా ఎక్కించి, గేటు దాటించేదాకా ఆయనగారి నమాజు అవలేదా? ఇప్పుడేమో సీలు తెరవమంటున్నాడు.

అమ్ముడుపోయాడా?

"నా ఫోనియ్యి అన్నా. నేనే మాట్లాడ్త భాయ్‌తోని."

"ఛార్జింగ్ యెక్కలేదప్పా. వైరు సరిగ్గా లేదు. సచ్చిపోయి ఉండాది." బాబావలి డాష్‌బోర్డు అరని మోచేత్తో నొక్కుతాడు. అర టక్కున మూసుకుంటుంది.

బండెక్కగానే ఛార్జింగ్ పెడతానని ఆ ఫోన్ తీసుకున్నది బాబావలే.

నర్సింలు చెయ్యి తనకు తెలియకుండానే మెడ మీదికి వెళుతుంది. నల్లదారానికి ఒక చిన్న తాళంచెవి, వాల్వు మీది బావ తాళానిది. పోలీసులు తీసుకెళ్ళే రోజు బావ గుప్పిట్లో పెట్టి ఇచ్చాడు. "బామ్మర్దీ, ఇది ఎవ్వనికి ఇయ్యకు. ఇదే నా పానం." నిన్న ఫోన్లో అక్క శ్రీలత కూడా అదే అడిగింది. తాళంచెవి ఉన్నదా తమ్మీ అని. ఉన్నదక్కా అన్నాడు. అక్క ఇంకేం మాట్లాడలేక ఏడ్చింది. ఆ ఏడుపు చెవుల్లోంచి పోవడం లేదు.

"ఆగినాడు! ట్రైలా ఆపినాడు!" బాబావలి అరుస్తాడు.

బ్రేక్!

పాడుబడ్డ లారీ కాటా. పక్కన పైకప్పు ఊడిన షెడ్డు. ఇసకలో సగం కూరుకుపోయిన గేటు. ఆ గేటు ముందు ట్రైలా నిలబడి ఉంది. ఇంజన్ ఆగిపోయింది. డ్రైవర్ తలుపు బార్లా తెరిచి ఉంది.

లోపల ఎవరూ లేరు!

షెడ్డు వెనక ఒక కారు స్టార్టయిన చప్పుడు... అది దూరమైపోయింది.

నర్సింలు దిగుతాడు. దుమ్ము మొహాన కొడుతుంది. తలపాగా గుడ్డ ముక్కుకి చుట్టుకుంటాడు.

దొంగ సొమ్ముని నడిదారిలో వదిలేసి పోయే దొంగ ఉంటాడా?

"రాప్పా! యెక్కు!" బాబావలి అప్పటికే ట్రైలా మీద ఉన్నాడు. టార్పాలిన్ లాగేస్తున్నాడు. దాన్ని కట్టిన తాళ్ళు కూడా సగం విప్పే ఉన్నాయి!

పెట్టె.

అదే. ఆకుపచ్చ ఇనప పెట్టె. దాని గొళ్ళెం షట్‌డౌన్ సైట్లలో వాడేదే, వరసగా కన్నాలున్నది. ఒక కన్నంలోంచి కోర్టువాళ్ళ ఉక్కు తీగ. తీగ చివర సీసపు బిళ్ళ. మిగతా కన్నాలన్నీ ఖాళీ.

సీలు తెగలేదు. నర్సింలు ఊపిరి పీల్చుకుంటాడు.

"ఇంగ చూస్తావేంది? పట్టుకో!"

గడ్డపలుగు. చిన్నది. అరచేతిలో చల్లగా తగులుతుంది.

"నువ్వే కొట్టు. మీ బావ పెట్టె గదా."

"నువ్వు కొట్టరాదన్నా?"

"నేను ముట్టుకోను! నాకెందుకు... నీ చేత్తోనే కొట్టు."

నర్సింలు పలుగు తీగలో దూర్చబోతాడు. ఒక్క తోపు. అంతే పని. లోపల బావ తాళం ఉందో లేదో తెలిసిపోతుంది. ఉంటే అక్కకి చెప్పొచ్చు. పలుగు మొన తీగకి తగిలింది...

చెయ్యి ఆగిపోయింది!

భయంతో కాదు. బుద్ధితో కూడా కాదు. అలవాటు.

షట్‌డౌన్‌లో ఫిట్టరన్నవాడు దేని మీద పలుగు పెట్టినా, ముందు దానికి తన తాళం వేసుకోవాలి. ఆ తర్వాతే పనిముట్టు. ఏళ్ళ తరబడి అదే పని. చేతికి వేరే దారి తెలియదు. అన్నం ముందు చెయ్యి కడిగినట్టు అది జరిగిపోవాల్సిందే.

ఎడమ చెయ్యి నడుము బెల్టు మీదికి వెళ్ళింది. ఎర్ర తాళం తీసింది. ఖాళీ కన్నంలో దూర్చింది.

టక్!

తాళం కింద ట్యాగు గాలికి కొట్టుకుంటోంది. దాని మీద నర్సింలు ఫోటో. పేరు. కింద ఇంగ్లీషులో, అరబ్బీలో, హిందీలో ఒకటే మాట. ప్రమాదం, తెరవొద్దు.

బాబావలి నోరు తెరుచుకుని చూస్తున్నాడు.

"యేం జేస్తివప్పా!"

"తాళమేసిన. పనికి ముందు..."

"పని యేంది, తాళం యేంది! తీయ్! తీసెయ్ దాన్ని!" బాబావలి మొహం పాలిపోయింది. "టైము లేదు నర్సింలూ! వాళ్ళొచ్చేస్తారు!"

నర్సింలు నెమ్మదిగా తల తిప్పుతాడు.

"వాళ్ళంటే ఎవరన్నా?"

బాబావలి రోడ్డు వైపు చూస్తాడు.

గాలి హోరు. టార్పాలిన్ టపటపా కొట్టుకుంటోంది.

నర్సింలు ట్రైలా మీంచి ఒక్క దూకు దూకుతాడు. పికప్ వైపు పరుగు! డాష్‌బోర్డు అర లాగుతాడు. తన ఫోన్. బటన్ నొక్కుతాడు.

వెలిగింది!

బ్యాటరీ నిండుగా ఉంది!

చచ్చిపోయిన ఫోన్ కాదు. చంపేసిన ఫోన్!

టింగ్... టింగ్... టింగ్... గులాం మొహిద్దీన్ మిస్డ్ కాల్స్. వాటి కింద ఒక వాయిస్. నర్సింలు చెవికి ఆనించుకుంటాడు.

"అరె నర్సింలూ, ఫోన్ ఎందుకు ఎత్తవు మియా? బాబావలికి వంద సార్లు చెప్పిన. పెట్టె కనవడితే దూరం నిలవడుండ్రి! ముట్టొద్దు! సీలు మీద చెయ్యి వెయ్యొద్దు! షుర్తాను, పోలీసోళ్ళను తీస్కొని నేనొస్తున్న. సీలు నీ చేతులతోని తెగితే నీ బావ కేసు ఖతం!"

నర్సింలు ఇంకోసారి వింటాడు.

గులాం తెరవమనలేదు... ముట్టొద్దన్నాడు!

ఇంతసేపూ తను అనుమానించింది ఎవర్ని? నమ్మి బండెక్కింది ఎవర్ని? క్యాంపులో ఒకే గదిలో పడుకున్న మనిషి. రంజాన్‌లో ఇఫ్తార్ పళ్ళెం తనకి జరపనిదే ఖర్జూరం నోట్లో వేసుకోని మనిషి.

వెనక అడుగుల చప్పుడు.

తిరిగి చూస్తాడు. బాబావలి! చేతిలో పలుగు!

"తాళంచెవి ఇయ్యప్పా. తెరవొద్దని నీ తాళమే ఉంటే, నువ్వు తెంపినావంటే యెవురు నమ్ముతారు?"

"ఎందుకన్నా? ఎందుకు జేసినవ్ ఇట్ల?"

"ఇయ్యి! నీకు దండం పెడతా... ఇయ్యి!"

"ఎంతకు అమ్మినవ్ నా బావను?"

"దుడ్లు గాదప్పా!" బాబావలి అరిచాడు. "నా మీద హురూబ్ వేసినాడు కుమార్ సారు. పారిపోయినోడని రాసినాడు! యేడ దొరికితే ఆడ లోపలేస్తారు. నువ్వు సీలు తెంపితే తీసేస్తానన్నాడు. నేను ఇంటికి పోవాలప్పా... ఫర్హీన్‌ను యెత్తుకోని గూడా చూడలేదు నేను. నా బిడ్డ అప్పా!"

"నా బావ బిడ్డలు బిడ్డలు కారా?"

బాబావలి ఒక అడుగు ముందుకేస్తాడు. పలుగు పైకి లేస్తోంది.

నర్సింలు జేబులోంచి తాళంచెవి తీస్తాడు. పైకి పట్టుకుని చూపిస్తాడు.

"ఇదేగా నీకు కావాల్సింది?"

విసిరాడు!

చీకట్లోకి... దుమ్ములోకి... ఎడారిలోకి.

"యా అల్లా!" బాబావలి మోకాళ్ళ మీద కూలబడి ఇసక దేవుతున్నాడు. పిచ్చివాడిలా రెండు చేతులా దేవుతున్నాడు. నర్సింలుకి జాలీ కోపం ఒక్కసారే ముంచుకొచ్చాయి.

అప్పుడే...

నీలం, ఎరుపు. నీలం, ఎరుపు.

దుమ్ముని చీల్చుకుంటూ పోలీసు బండి! దాని వెనకే ఒక తెల్ల కారు!

తెల్ల కారు ఆగీ ఆగకముందే కుమార్ దూకాడు. ఇస్త్రీ చొక్కా. చేతిలో ఫోన్ కెమెరా ఆన్. ఇంగ్లీషులో ఒకటే కేకలు. "వీళ్ళే! వీళ్ళే దొంగలు! కోర్టు సీలు బద్దలు కొట్టేశారు! అదిగో పలుగు!"

పోలీసు బండిలోంచి ఆఫీసరు దిగాడు. సన్నగా, పొడుగ్గా ఉన్నాడు. తొందరలేని మనిషి. అతని వెనక గడ్డం నిండా దుమ్ముతో గులాం మొహిద్దీన్.

"నర్సింలూ! ముట్టినవా?" గులాం కేక.

"లే భాయ్! నేనైతే తెంపలే!"

ఆఫీసరు టార్చి వేసుకుని ట్రైలా ఎక్కాడు. తీగని చూశాడు. సీసపు బిళ్ళని రెండు వేళ్ళతో తిప్పి చూశాడు. తర్వాత ఎర్ర తాళం. ట్యాగు మీది ఫోటో మీదికి టార్చి. అక్కణ్ణించి నర్సింలు మొహం మీదికి టార్చి.

అరబ్బీలో ఏదో అడిగాడు. గులాం జవాబిచ్చాడు. తర్వాత నర్సింలు వైపు తిరిగి చెప్పాడు. "ఇదేంది అంటుండు. మా పనిల ఒకని తాళం ఇంకొకడు తియ్యడు, దీన్ని బందోబస్తు జేసిండు అని చెప్పిన."

ఆఫీసరు దిగాడు. నింపాదిగా కుమార్ దగ్గరికి నడిచాడు. ఈసారి ఇంగ్లీషు.

"సీలు బాగానే ఉంది."

కుమార్ కెమెరా కిందికి దిగింది.

"బద్దలు కొట్టారని స్టేషన్‌కి ఫోన్ చేసింది మీరే కదా?"

"అంటే... నాకు... ఎవరో చెప్పారు సర్..."

"ఈ కాటా దగ్గరే అని కూడా చెప్పారు. ఇక్కడే ఆగుతుందని మీకెలా తెలిసింది? తెగని సీలు తెగిందని ఎలా తెలిసింది?"

కుమార్ పప్పులో కాలేశాడు! తుఫానులో పోలీసులు ఎక్కడ లేటవుతారోనని ముందే ఫోన్ కొట్టేశాడు. ఈపాటికి తెంపేసే ఉంటారని లెక్కేసుకున్నాడు. ఫిట్టరు ముందు తాళమే వేస్తాడని ఆ ఇస్త్రీ చొక్కాకి తట్టలేదు.

చెమట. దుమ్ములో చెమట. కుమార్ కళ్ళు అటూ ఇటూ పరిగెత్తి బాబావలి మీద ఆగాయి.

"వీడు! వీడే సర్ చెప్పింది! ఈ డ్రైవరే దొంగ! వీడి మీద హురూబ్ ఉంది, చెక్ చేసుకోండి! మొత్తం వీడి ప్లానే! ముందు వీణ్ణి లోపలెయ్యండి!"

ఇసకలో బాబావలి చేతులు ఆగిపోయాయి.

తల ఎత్తాడు. కుమార్‌ని చూశాడు.

"నన్నా సార్? నన్నే పట్టిస్తాండావా?"

"నోర్ముయ్‌రా! నువ్వెవడివో నాకు తెలీదు!"

బాబావలి లేచాడు. జేబులోంచి ఫోన్ తీశాడు. చెవిలోంచి ఇయర్‌ఫోన్ పీకి పారేశాడు.

బాబావలికి చదవడం రాదు. అతనికి ఏం చెప్పాలన్నా వాయిస్‌లోనే చెప్పాలి. ఆ సంగతి క్యాంపులో అందరికీ తెలుసు.

కుమార్‌కి కూడా!

"బాబావలీ, వద్దురా..."

నొక్కాడు.

గాలి హోరుని మించి కుమార్ గొంతు. తియ్యటి కోస్తా తెలుగు. "ఒరేయ్ బాబావలీ, జాగ్రత్తగా విను. సీలు వాడి చేత్తోనే తెంపించాలి. నువ్వు మాత్రం ముట్టుకోకు. పెట్టె కదిపింది కూడా వాళ్ళ మీదకే పోవాలి. ఆ ముసలాడు నమాజుకి వెళ్ళగానే క్రేను పంపిస్తున్నా. తెంపాక చెప్పు, నీ హురూబ్ సంగతి నే చూసుకుంటా..."

ఆఫీసరు గులాం వైపు చూశాడు. ఏమంటున్నాడు?

గులాం గొంతు సవరించుకున్నాడు. ఒక్కో ముక్క అరబ్బీలోకి మారుస్తున్నాడు. సీలు... చెయ్యి... క్రేను...

క్రేను అనగానే కుమార్ పరుగు తీశాడు!

తెల్ల కారు! తలుపు లాగాడు! ఇంజన్ గర్జించింది! చక్రాలు ఇసకలో గిర్రున తిరుగుతున్నాయి...

ఢాం!

ఆఫీసరు తుపాకీ దెబ్బకి టైరు పేలింది. కారు ఒక పక్కకి ఒరిగిపోయింది. కుమార్ రెండు చేతులూ పైకెత్తి బయటికొచ్చాడు. చొక్కా అంతా దుమ్ము.

జడ్జి చెప్పింది చెప్పినట్టే జరిగింది. కుమార్ ఈ రోజు ఇంటికెళ్ళడు.

రెండో జత బేడీలు బాబావలికి. పోలీసు బండి ఎక్కేముందు అతను నర్సింలు ముందు ఆగాడు. తల ఎత్తలేదు.

"నువ్వు తాళంచెవి పారేస్తివి గదప్పా. రేపు కోర్టులో పెట్టె యెట్ల తెరుస్తారు?"

నర్సింలు వంగి బూటు విప్పాడు. సాక్సులోంచి తన ఎర్ర తాళానికున్న చిన్న చెవి తీసి చూపించాడు.

"నేను పారేసింది మన రూముది అన్నా."

బాబావలి ఆ తాళంచెవి వైపే చూస్తూ బండెక్కాడు. తలుపు మూసుకుంది.

నర్సింలు ట్రైలా ఎక్కాడు. పెట్టె పక్కనే కాళ్ళు చాపుకుని కూర్చున్నాడు. పెట్టె కోర్టుకి చేరేదాకా దిగేది లేదు. ఫోన్ తీసి అక్కకి కలిపాడు.

"అక్కా... బావ తాళంచెవి నా మెడలనే ఉన్నది. రేపు పొద్దుగాల ఫోన్ దగ్గర్నే ఉండు."